చీమ నోట్లో నాడె

జగిత్యాల చుట్టుపక్కల మామిడి తోటల్లో కాయ తెంపేవాళ్లకు ఎర్ర చీమల సంగతి ఎవరూ చెప్పనక్కర్లేదు. కొమ్మ వంచితే చాలు, మెడ మీదికి, చొక్కా లోపలికి వచ్చి పడతాయి. వీటికి కొండి లేదు. దవడలతో కొరికి, పొట్ట ముందుకు వంచి, కొరికిన చోట ఆమ్లం చిమ్ముతాయి. మంట అందుకే. అవి అంత రోషంగా కాపలా కాసే గూడు ఆ కొమ్మ చివరే ఉంటుంది. పచ్చి ఆకులు పదో పాతికో ఒకదానికొకటి అతుక్కుని, కొబ్బరికాయంత ఉండలా కనిపిస్తాయి. ఆకులు ఎండలేదు, తెగలేదు, కొమ్మకే ఉన్నాయి. ఖాళీ చేసి వెళ్లిపోయిన పాత గూడు ఒకటి దొరికితే మెల్లగా విప్పి చూడవచ్చు. ఆకు అంచుకూ ఆకు అంచుకూ మధ్య తెల్లటి పలుచని పొర ఉంటుంది. వేలితో లాగితే సాగుతుంది, అంత సులువుగా చిరగదు.

ఆ పొర పట్టు. చీమలు నేసిన పట్టు.

నేసే తీరు చూస్తే సాలెవాడు కూడా ముక్కున వేలేసుకుంటాడు. ముందుగా కొన్ని చీమలు ఒక ఆకు అంచును కాళ్లతో పట్టుకుని, పక్క ఆకును దవడలతో కరిచి దగ్గరికి లాగుతాయి. ఆకు దూరంగా ఉంటే ఒక చీమ నడుమును ఇంకో చీమ పట్టుకుంటుంది, దాని నడుమును మరొకటి. అలా గొలుసు కట్టి, అన్నీ కలిసి వెనక్కి జరుగుతాయి. అంచులు కలిశాక అసలు పనివాళ్లు వస్తారు. ఒక్కో చీమ పాత గూటిలోంచి ఒక్కో పిల్ల పురుగును నోట కరుచుకుని వస్తుంది. ఆ పురుగు తలను ఈ ఆకుకు ఒకసారి, ఆ ఆకుకు ఒకసారి తాకిస్తుంది. తాకిన చోటల్లా పురుగు నోటి దగ్గర నుంచి సన్నటి దారం వస్తుంది. ఇటు, అటు, ఇటు, అటు. మగ్గం మీద నాడె తిరిగినట్టే. కాకపోతే ఇక్కడ నాడెకు ప్రాణముంది, కండె దాని ఒంట్లోనే ఉంది.

పెద్ద చీమకు దారం తీయడం చేతకాదు. ఆ విద్య పిల్లతనంలోనే ఉంటుంది. మామూలుగా పురుగు తన పట్టుతో తన చుట్టూ గూడు కట్టుకుని అందులో ప్యూపా అవుతుంది. ఈ చీమల పిల్లలు ఉన్న పట్టంతా ఇంటి గోడలకే పోసి, తాము ఏ గూడూ లేకుండా ప్యూపాలవుతాయి. కెప్టెన్ కుక్ ఓడలో ఆస్ట్రేలియా వెళ్లిన జోసెఫ్ బ్యాంక్స్ 18వ శతాబ్దంలోనే ఈ జాతి చీమలు ఆకులు లాగడం చూసి రాసిపెట్టాడు. చైనా తోటమాలులు అంతకు వెయ్యేళ్లకు పైగా ముందే ఈ గూళ్లను కొని నారింజ చెట్లకు కట్టేవారు, చీడపురుగులను తింటాయని. మన పొరుగున బస్తర్‌లో వీటితో పచ్చడి నూరుకుంటారు. జగిత్యాల రైతుకు మాత్రం ఇవి ఇంకా శత్రువులే. కాయ తెంపే నాలుగు రోజుల బాధకు మిగతా ఏడాది అవి చేసే కాపలా లెక్కలోకి రావడం లేదు.

జానపద సినిమాల్లో మాయా వస్త్రాలుంటాయి. ఇప్పటి ఫాంటసీ నవలల్లో, వీడియో గేముల్లో ఏదో కల్పిత లోకపు పురుగు ఒకటి కత్తికి తెగని, నిప్పుకు కాలని దారం తీస్తుంది. ఆ దారం బరువు ఉండదు, చీకట్లో మెరుస్తుంది. కథకులు ఎప్పుడూ దారం గుణాల దగ్గరే ఆగిపోతారు. ఎంత బలం, ఎంత మెరుపు అని. పురుగు ఒంట్లో నీళ్లలా ఉన్నది గాలి తగిలేసరికి దారం ఎలా అయిందని అడగరు. అసలు మాయ అక్కడుంది. దాన్ని చూడటానికి వేరే లోకం అక్కర్లేదు. ఉమ్మడి కరీంనగర్ జిల్లా చాలు.

పురుగుల జాతుల్లో ఈ విద్య ఒకరి దగ్గర ఒకరు నేర్చుకున్నది కాదు. పరిణామ క్రమంలో పట్టు తీయడం ఇరవైకి పైగా సార్లు విడివిడిగా పుట్టిందని శాస్త్రజ్ఞుల లెక్క. చీమ పిల్ల పట్టు, పట్టుపురుగు పట్టు ఒకే పేరు మోస్తున్నా లోపలి కట్టుబాటు వేరు. చీమ పట్టులో ప్రొటీన్ పోగులు పురి తిప్పిన తాళ్లలా ఒకదాన్నొకటి చుట్టుకుని ఉంటాయి. పట్టుపురుగు పట్టులో మడత పెట్టిన చీరల్లా దొంతులుగా ఉంటాయి. (సాలీడు పట్టు ఈ లెక్కలోకి రాదు. దానికి ఎనిమిది కాళ్లు, అది కీటకం కాదు.)

కోరుట్లకు వెళ్తే కందిరీగను తలుచుకోవాలి. నిజాం కాలంలో చేతికాగితానికి పేరుపడిన ఊరు కోరుట్ల. కందిరీగకు కూడా కాగితం చేయడం వచ్చు. ఎండిన కంచె కర్రను దవడలతో గీకి, ఆ పీచును ఉమ్మితో నమిలి, పలుచగా పరిచి గది గోడలు కడుతుంది. కాగితం అంటే పాత గుడ్డపేలికలతో చేసేదే అని యూరప్ అనుకుంటున్న రోజుల్లో, 1719లో, ఫ్రెంచి శాస్త్రవేత్త రెయోమ్యూర్ ఈ గూడును చూసి, కర్రతోనూ కాగితం చేయవచ్చు కదా అన్నాడు. అది మిల్లుల్లో జరగడానికి ఇంకో వందేళ్లకు పైనే పట్టింది. అయితే కందిరీగ పీచు చెట్టుది, తనది కాదు. తన సొంత దారం దాని పిల్లల దగ్గరుంది. గది మూతి మీద తెల్లగా కనిపించే మూత పిల్ల పురుగు నేసుకున్న పట్టే.

ఇక అసలు పట్టుపురుగు. మల్బరీ ఆకు తినే పురుగు గుడ్డులోంచి వచ్చినప్పుడు నల్ల చీమంత కూడా ఉండదు. పాతిక రోజులు కొంచెం అటూ ఇటూగా తింటుంది, నాలుగుసార్లు కుబుసం విడుస్తుంది, బరువు సుమారు 10,000 రెట్లు పెరుగుతుంది. చివరి దశలో షెడ్డులోకి వెళ్తే వేల పురుగులు ఆకు నములుతున్న చప్పుడు రేకుల మీద సన్నటి వాన కురుస్తున్నట్టు వినిపిస్తుంది. ఆకు మేయడం మానేసి, ఒళ్లు అంబర్ రంగుకు తిరిగి, తల ఎత్తి ఊపడం మొదలుపెడితే పురుగు పండిందంటారు. అప్పుడు గూడు కట్టుకోవడానికి దాన్ని చంద్రికలనే చట్రాల మీదికి ఎక్కిస్తారు.

పండిన పురుగు ఒంట్లో రెండు పట్టు గ్రంథులుంటాయి. అవి నిజానికి రూపం మారిన లాలాజల గ్రంథులు. పురుగు బరువులో నాలుగో వంతుకు పైగా అవే. విప్పి పరిస్తే పురుగు కంటే చాలా పొడవు, అందుకే లోపల మెలికలు తిరిగి ఉంటాయి. వెనక భాగంలో ఫైబ్రోయిన్ అనే ప్రొటీన్ తయారవుతుంది. నడిమి భాగంలో సెరిసిన్ అనే బంక దాని మీద పూత పడుతుంది. ముందు భాగం క్రమంగా సన్నబడే గొట్టం. రెండు గొట్టాలూ కింది పెదవి దగ్గర కలిసి ఒకే సన్న రంధ్రంలోంచి బయటికి వస్తాయి. కాబట్టి మనం ఒక పోగు అనుకునేది నిజానికి బంకతో అతికిన జంట పోగు.

గ్రంథిలో ఉన్నంతసేపు అది చిక్కటి జిగురు. నాలుగో వంతు ప్రొటీన్, మిగిలింది దాదాపు నీళ్లు. మామూలుగా ఇంత చిక్కగా ప్రొటీన్ ఉంటే గడ్డకట్టి ఊరుకోవాలి. పురుగు ఒంట్లోనే గడ్డకడితే పురుగు చస్తుంది. అక్కడే కిటుకు. ముందుకు సాగేకొద్దీ ఆమ్లత్వం కొద్దికొద్దిగా పెరుగుతుంది, లవణాల పాళ్లు మారతాయి, గొట్టం ఇరుకు అవుతుంది. బొద్దుగా చుట్టుకుని ఉన్న ప్రొటీన్ అణువులు ఆ ఇరుకులో సాగి, ఒక వరసలోకి వస్తాయి. పురుగు దారం చివరను దేనికో అతికించి తల వెనక్కి లాగుతుంది. ఆ లాగుడుతో వరసలు దగ్గరికి చేరి, మడతలు పడి, మధ్యలో ఉన్న నీళ్లు బయటికి పోతాయి. అంతే, దారం. మళ్లీ నీళ్లలో నానబెడితే కరగదు. గది వేడిమి దాటకుండా, నీళ్లు తప్ప వేరే ద్రావకం లేకుండా, కన్ను మూసి తెరిచేలోపు జరిగే పని ఇది.

ఆ మడతలు అంత గట్టిగా ఎందుకు కూర్చుంటాయంటే, ఫైబ్రోయిన్‌లో పెద్ద భాగం గ్లైసిన్, అలనిన్ అనే రెండు చిన్న అమైనో ఆమ్లాలే. వాటి తర్వాత సెరిన్. మూడూ కలిపి ఐదింట నాలుగు వంతులకు పైగా ఉంటాయి. చిన్నవి కాబట్టి పొరకు పొర ఒత్తుకుని కూర్చుంటాయి, ఎత్తుపల్లాలు లేని పలకలు పేర్చినట్టు. ఆ దొంతులు బలం ఇస్తాయి, మధ్యలో వదులుగా ఉన్న భాగాలు సాగుడునిస్తాయి. మల్బరీ పోగును అడ్డంగా కోసి చూస్తే గుండ్రంగా కాక మూడు మూలలుగా ఉంటుంది. వెలుతురు పట్టకంలో పడ్డట్టు పడి తిరిగి రావడమే పట్టుచీర మెరుపు.

పురుగు తలను ఎనిమిది అంకె గీసినట్టు తిప్పుతూ, సెకనుకు సెంటీమీటరు చొప్పున, రెండు మూడు రోజులు ఆగకుండా తీస్తుంది. మంచి బైవోల్టిన్ రకం పట్టుకాయలో, అంటే పట్టుగూడులో, దారం కిలోమీటరు, అంతకు మించీ ఉంటుంది. 2002లో ఆక్స్‌ఫర్డ్ శాస్త్రజ్ఞులు ఒక తమాషా పని చేశారు. పురుగును కదలకుండా పట్టి, దాని దారాన్ని తామే ఒకే వేగంతో లాగారు. అలా లాగిన దారం పురుగు తనంతట తీసిన దానికంటే గట్టిగా వచ్చింది, సాలీడు దారానికి దగ్గరగా. అంటే పురుగుకు ఇంకా గట్టి దారం తీయడం వచ్చు, దానికి అవసరం లేదు. గూడు కట్టుకోవడానికి సరిపడినంతే చాలు.

జగిత్యాల ఎండలకు మల్బరీ పురుగు సుకుమారి. దానికి 24 నుంచి 28 డిగ్రీలు ఉండాలి. ఈ నేలకు సరిపోయిన పురుగు వేరే ఉంది, అది షెడ్డులో ఉండదు.

జగిత్యాల జిల్లా కోటిలింగాల దగ్గర గోదావరి ఒడ్డున నిలబడి, నది పోయే దిక్కుగా వెళ్తే ఎడమ గట్టున చెన్నూరు, కుడి గట్టున కాళేశ్వరం పక్కన మహదేవపూర్ వస్తాయి. ఈ అడవుల్లో మద్ది చెట్ల మీద దసలి పురుగు బతుకుతుంది. కోరుట్ల ఆడవాళ్ల చాటల్లోకి బీడీల కోసం తునికాకు వచ్చేది కూడా ఇలాంటి అడవుల నుంచే. ఈ ప్రాంతపు దసలి రకాన్ని శాస్త్రజ్ఞులు ‘ఆంధ్రా లోకల్’ అంటారు, రాష్ట్రం పేరు మారినా పురుగు పేరు మారలేదు. ఎదిగిన దసలి పురుగు అరచేయి పొడవుంటుంది. ఆకుపచ్చటి ఒళ్లు, పక్కల వెండి చుక్కలు. కాయ కోడిగుడ్డు కంటే కాస్త చిన్నది, గట్టిది, గోరుతో కొడితే టక్కుమంటుంది. దానికి ఒక కాడ, కాడ చివర ఉంగరం. పురుగు ముందు కొమ్మ చుట్టూ ఆ ఉంగరం నేసి, కాడ దించి, ఆ తర్వాతే గూడు మొదలుపెడుతుంది. గాలికి ఆకు రాలినా కాయ రాలదు.

దసలి సాగు అంటే సగం కాపలా. పురుగులు ఆరుబయట చెట్ల మీద మేస్తాయి కాబట్టి కాకి, కందిరీగ, చీమ, ఊజీ ఈగ అన్నిటికీ ఆహారమే. వానాకాలంలో తెల్లవారుజాము నుంచి పొద్దు గూకే దాకా రైతు చెట్ల కింద తిరుగుతూనే ఉండాలి. రోగాల బాధ సరేసరి. పెబ్రిన్ అనే రోగం తల్లి నుంచి గుడ్డుకు పాకుతుంది. 1865లో ఫ్రాన్సు పట్టు పరిశ్రమను కాపాడమని లూయీ పాశ్చర్‌ను పంపితే, గుడ్లు పెట్టిన తల్లిని నూరి మైక్రోస్కోపు కింద చూసి, రోగం కనిపిస్తే దాని గుడ్లు పారేయమన్నాడు. గుడ్ల కేంద్రాల్లో ఈనాటికీ చేసేది అదే.

ఈ పోగు వయసు తక్కువేం కాదు. హరప్పాలో దొరికిన రాగి ఆభరణానికి అంటుకున్న దారాలను పరీక్షించి, అవి దసలి కుటుంబపు అడవి పట్టు అని 2009లో ప్రకటించారు. నాలుగువేల ఏళ్ల నాటివి. గోదావరిలో కలిసే ప్రవర ఒడ్డున, మహారాష్ట్రలోని నెవాసాలో, ఒక పసిబిడ్డ సమాధిలో రాగి పూసలు గుచ్చిన దారంలో పట్టు దొరికింది. మూడువేల ఏళ్లకు పైబడిన దండ అది. పట్టంటే చైనా నుంచి వచ్చిందే అనే మాట మల్బరీ వరకు నిజం. అడవి పట్టుకు మన నదులే సాక్ష్యం.

దసలి కాయ అంత గట్టిదైతే లోపలి రెక్కల పురుగు ఎలా బయటపడుతుంది? దానికి పళ్లు లేవు. నోటి దగ్గర ఒక ఎంజైమ్ ఊరుతుంది. కాయ చివర ఆ ద్రవం పూసి, బంకను కరిగించి, పోగులను పక్కకు నెట్టుకుని వస్తుంది. పోగులు తెగవు, బంక మాత్రమే పోతుంది. 1964లో కఫాటోస్, విలియమ్స్ అనే ఇద్దరు దీన్ని కనిపెట్టి ‘కకూనేజ్’ అని పేరు పెట్టారు. మనం ఆ పని సోడాతో, సబ్బుతో, మరిగే నీళ్లతో చేస్తాం.

మరిగే నీళ్లు అన్నాక పురుగు గతి చెప్పకుండా దాటేయడం న్యాయం కాదు. కిలో ముడిపట్టు రావాలంటే ఆరేడు కిలోల మల్బరీ కాయలు కావాలి. కాయ రెండు గ్రాములకు మించదు కాబట్టి అది మూడువేల పైచిలుకు పురుగుల లెక్క. రెక్కల పురుగు బయటికి వచ్చిన కాయ నుంచి తెగని పోగు చుట్టడం కుదరదని, అంతకు ముందే ఉడికిస్తారు. హైదరాబాద్‌లో చేనేత రంగ ఉద్యోగిగా ఉన్న కుసుమ రాజయ్య 1990ల్లో దీనికి వేరే దారి పట్టారు. పురుగును పోనిచ్చి, మిగిలిన కాయను దూది వడికినట్టు వడికి నేయించారు. ‘అహింసా పట్టు’ అని దానికి పేరొచ్చింది. మెరుపు తగ్గుతుంది, ధర పెరుగుతుంది. కొనేవాళ్లు కొంటున్నారు.

సిరిసిల్ల కథ పట్టు దగ్గర కాదు, పట్టు నకలు దగ్గర మొదలవుతుంది. మానేరు ఒడ్డున ఉన్న ఈ ఊళ్లో పొద్దస్తమానం సాంచాల చప్పుడే. మరమగ్గాన్ని ఇక్కడ సాంచా అంటారు, నాలుగు సాంచాలు పెట్టుకున్నవాడు ఆసామి. చేతిమగ్గం నీరసించి, భివండీకి, సూరత్‌కు వలసలు పోయి, తిరిగొచ్చిన పద్మశాలీలు పెంచిన ఊరు ఇది. 2017 నుంచి కొన్నేళ్లు బతుకమ్మ చీరలతో బతికింది. ఆ సాంచాల మీద ఎక్కువగా ఆడేది పాలిస్టర్.

పాలిస్టర్ అంటే పట్టుపురుగును చూసి మనిషి రాసిన కాపీ. 1665లోనే రాబర్ట్ హుక్, పురుగు జిగురులాంటి జిగురు చేసి సన్న రంధ్రంలోంచి లాగితే పట్టు రాదా అని రాశాడు. రెండు శతాబ్దాల తర్వాత షార్డొనే అనే ఫ్రెంచివాడు సెల్యులోజ్‌తో కృత్రిమ పట్టు తీసి 1889 పారిస్ ప్రదర్శనలో పెట్టాడు. మెరిసేది, నిప్పు తగిలితే భగ్గుమనేది. 1935లో అమెరికాలో కరోథర్స్ బృందం నైలాన్, 1941లో ఇంగ్లండులో విన్‌ఫీల్డ్, డిక్సన్ పాలిస్టర్ పోగు. అన్నిటిలోనూ పురుగు పెదవి బదులు సన్న రంధ్రాల లోహపు బిళ్ల. అయితే పాలిస్టర్‌ను జిగురు చేయాలంటే 260 డిగ్రీలు దాటించి కరిగించాలి, ముడిసరుకు పెట్రోలియం నుంచి రావాలి. పురుగు ఆకు తిని, చల్లటి నీళ్లతో చేస్తుంది. ఆ ఒక్క తేడాను దాటిన కారఖానా ఇంతవరకు లేదు. పట్టు కరిగించి మళ్లీ పోగు తీయడం ప్రయోగశాలల్లో వచ్చింది, సిరిసిల్ల ఆసామికి కండె అమ్మే ధరకు రాలేదు.

ఆ ఊళ్లోనే చేతిమగ్గం పూర్తిగా పోలేదు. నల్ల పరంధాములు అగ్గిపెట్టెలో పట్టే చీర నేశారు. అదే విద్యతో 2022 జనవరిలో ఆయన కొడుకు నల్ల విజయ్ మంత్రుల ముందు అగ్గిపెట్టె తెరిచి చీర బయటికి తీశారు. మాయ లేదు, ఉన్నది పోగు సన్నదనం. కాయ నుంచి వచ్చే ఒక్క పోగు రెండు మూడు డెనియర్లే. అంటే తొమ్మిది కిలోమీటర్ల పొడవు తూకం వేస్తే రెండు మూడు గ్రాములు. మామూలు చీరకు ఎనిమిదో పదో కాయల పోగులు కలిపి ఒక దారం చేస్తారు. కలిపే పోగులు ఎంత తగ్గితే బట్ట అంత చిన్న మడతలో ఇముడుతుంది, నేసేవాడి ఓపిక అంత పెరగాలి. అదే ఏడు వెల్ది హరిప్రసాద్ మగ్గం నుంచి ‘రాజన్న సిరిపట్టు’ పేరుతో పట్టుచీర వచ్చింది. నవంబరులో ఆయన నేసి పంపిన జీ-20 చిహ్నం గురించి ప్రధాని ‘మన్ కీ బాత్’లో చెప్పారు.

పాలిస్టర్ ఊళ్లో పట్టు నేస్తున్నారంటే కొనేవాళ్లకు అనుమానం సహజం, కంచిలో కొన్నా ఆ అనుమానం ఉండాల్సిందే. చీర లోపలి అంచు నుంచి పడుగు పోగు ఒకటి, పేక పోగు ఒకటి లాగండి. రెండూ చూడాలి, ఒకటి పట్టు, ఒకటి పాలిస్టర్ పెట్టి నేసేవాళ్లున్నారు. పళ్లెంలో పెట్టి అగ్గిపుల్ల చూపండి. పట్టు అయితే మెల్లగా కాలి, వెంట్రుక మాడిన వాసన వేసి, వేళ్ల మధ్య నలిగే బూడిద అవుతుంది. వెంట్రుకలాగే అదీ ప్రొటీన్. పాలిస్టర్ అయితే ముడుచుకుని, కరిగి, చల్లారాక గట్టి పూస కడుతుంది.